అరువు గొంతు

ఏప్రిల్ 12, శనివారం

పొద్దున్న రైలు దిగాను. పదకొండోసారి చచ్చి వచ్చాను. ఈసారి మెట్ల మీంచి దొర్లి. కొన ఊపిరితో హీరో చెయ్యి పట్టుకుని, "బాబూ, తాలాలు పప్పు డబ్బాలో ఎట్టినానురా" అని చెప్పి పోయాను. లైటు పట్టుకున్నవాడితో సహా సెట్లో అందరూ నవ్వారు. నవ్వాలనే రాశారట.

ఈ పదేళ్ళలో వంటమనిషిని, పనిమనిషిని, మళ్ళీ వంటమనిషిని, విలన్ తల్లిని, బస్టాండులో తప్పిపోయిన ముసలమ్మను. ఒకసారి దెయ్యాన్ని కూడా. ఆ దెయ్యం శ్రీకాకుళం యాసలోనే బెదిరించింది. చచ్చినా మనవాళ్ళకి విముక్తి లేదు. హైదరాబాదులో వాళ్ళు మాట్లాడితే భాష, మనం మాట్లాడితే యాస. మనం నోరు తెరిస్తే చాలు, ఇంకా ఏమీ అనకుండానే పళ్ళు బయట పెడతారు.

అసలు నవ్వాల్సింది వేరే ఉంది. ముప్పై ఒక్క ఏళ్ళు ఈ విజయనగరంలో తెలుగు పంతులమ్మని నేను. "ఏమిటి" అనక "ఏటి" అన్నవాడి వేళ్ళ కణుపుల మీద రూళ్ళకర్ర ఆడించినదాన్ని. ఇప్పుడు ఆ "ఏటి" కోసమే స్టేషనుకి కారు పంపుతున్నారు.

సాయంత్రం ధనరాజు ఫోను. కొత్త డైరెక్టరు, గడ్డం, నెమ్మదైన గొంతు. చేపల వేటకి వెళ్ళి తిరిగిరాని కొడుకు కోసం చూసే తల్లి కథట. సినిమా అంతా ఆ తల్లే. "మిమ్మల్నే అనుకుంటున్నాను మేడమ్" అన్నాడు. ఎవర్నీ నవ్వించక్కర్లేదట. చావక్కర్లేదట కూడా.

డెబ్బై ఒకటో ఏట.

ఏప్రిల్ 14, సోమవారం

దేముడమ్మ వచ్చింది. రేపట్నుంచి రెండు నెలలు వేట నిషేధం, ఇవే ఆఖరి పచ్చి చేపలు. సముద్రం ఒడ్డు నుంచి మొదటి బస్సెక్కి ఇరవై ఏళ్ళుగా మా గుమ్మంలో గంప దించుతోంది. నేను బేరమాడేది చేప కోసం కాదు, దాని నోటి కోసం. ఎంత చులకన చేస్తే అంత బాగా తిడుతుంది.

"ఈ వంజరం కళ్ళు తెల్లబడ్డాయేమే? నిన్నటిదా?"

"ఓలమ్మో! నిన్నటిదేటి పంతులమ్మా! దీని కల్లు సూడు, నీ కల్లకన్నా మెరుస్తన్నాయి. కొంటే కొను, నేకపోతే ఊరుకో. నా సేపకి ముసిలితనం అంటగట్టకు!"

గంప నెత్తికెత్తడానికి ఎప్పట్లాగే ఓ చెయ్యి వేశాను. అది వీధి మలుపు తిరగకముందే లోపలికి వచ్చి రాసుకున్నాను: "నా సేపకి ముసిలితనం అంటగట్టకు." ఎప్పుడో పనికొస్తుంది.

తులసి కాలేజీకి వెళుతూ, "అమ్మమ్మా, మళ్ళీ దేముడమ్మని కాపీ కొడుతున్నావా?" అంది.

పరిశీలన అంటారే దాన్ని, అన్నాను.

ఏప్రిల్ 15

ధనరాజు సినిమా కోసం పాత డైరీ తీశాను. 2016 నవంబరు. దేముడమ్మ కొడుకు దాలయ్య ఎక్కిన బోటు తిరిగి రాని నెల. మూడో రోజున వాళ్ళ ఊరు వెళ్ళాను. పరామర్శకే వెళ్ళాను. దాని భుజం మీద చెయ్యి వేసి గంట సేపు కూర్చున్నాను. రాసుకోవాలని తోచింది తిరిగొచ్చే బస్సులోనే. పుస్తకం, పెన్సిలు సంచిలో ఎందుకున్నాయంటే, ఎప్పుడూ ఉంటాయి.

రెండు పేజీలు. అందులో ఒక్క మాట చాలు: "నిన్ను మింగిన సంద్రం కాడికే నాను కూటికి ఎల్లాలేటిరా నాయినా!" మరుసటి ఏడు ఓ సినిమాలో శవం మీద పడి ఆ మాట ఏడ్చాను. ఆ ఒక్కసారే ఎవరూ నవ్వలేదు. హైదరాబాదులో నాకు పేరొచ్చింది ఆ ఏడుపుతోనే.

అది టీవీలో వచ్చిన మర్నాడు మాత్రం కొంచెం భయపడ్డాను. దేముడమ్మ గంప దించుతూనే, "పంతులమ్మా, నా ఏడుపు ఏడిసినావు" అంది. అది చెంగుతో మొహం తుడుచుకుని, "మల్లీ ఎప్పుడేస్తారు టీవీలోన? నాకు ఏడుపు ఎండిపోనాది. నువ్వు ఏడిస్తే గానీ నాకు రావట్నేదు" అంది.

అంటే అనుమతి ఇచ్చినట్టే కదా.

ఏప్రిల్ 21, సోమవారం

ధనరాజు ఒడ్డు ఊళ్ళు చూసుకుని మధ్యాహ్నం మా ఇంటికి భోజనానికి వచ్చాడు. ముద్దపప్పు వడ్డిస్తూ ఆ పాత ఏడుపు వినిపించాను. "బాగుంది మేడమ్" అని ఆవకాయ అడిగాడు.

అప్పుడే దేముడమ్మ ఎండు నెత్తళ్ళు తెచ్చింది. వీధిలోంచే అరుపు. "పంతులమ్మా! తలుపు తియ్యి! ఎండలో సేప ఎండినాది సాలు, నన్ను కూడా ఎండబెడతావేటి!"

అతను ఎంగిలి చేత్తోనే వసారాలోకి పోయి, దాని ఎదురుగా గచ్చు మీద కూలబడ్డాడు. కొడుకు సంగతి అడిగాడు. అది నెత్తళ్ళు కొలుస్తూనే చెప్పింది. ఏడవలేదు.

"శవం రానేదు బాబూ. వస్తే ఓపాలి ఏడ్సి ఊరుకుందును. రానేదు గదా, అందుకే ఇయ్యాలకీ ఓ గిద్దెడు బియ్యం ఎక్కువేసి వండుతాను. తెల్లారి కోడి తింటాది. మా కోడి బలిసిపోనాది బాబూ."

అతని చేతి మీద పప్పు ఎండిపోయింది.

వెళ్ళేటప్పుడు గేటు దగ్గర అన్నాడు. "ఏమీ అనుకోకండి మేడమ్. మీరు చాలా బాగా చేస్తారు. ఆవిడ చెయ్యడం లేదు." జూన్ మొదటి వారంలో భీమిలిలో దాన్ని కెమెరా ముందు చూస్తాడట. "మీ మాట వింటుంది కదా. కెమెరా అంటే భయం పోగొట్టండి, చాలు. ఇంకేమీ మార్చకండి. ఒక్క మాట కూడా."

నాకూ వేషం ఉందన్నాడు. పక్కింటి టీచరు. రెండు సీన్లు.

ఏప్రిల్ 22

దేముడమ్మని కాస్త సిద్ధం చెయ్యమన్నాడు ధనరాజు.

ఏప్రిల్ 24, గురువారం

చెప్పాను. ముందు పకపకా నవ్వింది. "నానేటి, సినిమాయేటి! నా మొకం అంత పెద్ద తెర మీద ఏస్తే హాల్లో పిల్లగుంటలు జడుసుకోరేటి!"

తర్వాత చాలాసేపు గచ్చు మీద వేలితో గీతలు గీసింది. "దాలిగాడి పేరు పలకనిస్తారా అమ్మా?"

ఎందుకే, అన్నాను.

"అంత పెద్ద తెర మీద, అన్ని ఊల్లలోన, ఆడి పేరు పలికితే... ఏ దేశంలో ఏ ఒడ్డుకి కొట్టుకుపోనాడో. ఎవులో ఒకలు ఇని, నీ అమ్మ పిలస్తంది ఎల్లరా అని సెప్పరేటి?"

తొమ్మిదేళ్ళు కావస్తున్నా ఇంకా ఆ ఆశ. నాకు జాలి వేసింది. ఇది నిజం, నాకు జాలి వేసింది.

ఆ తర్వాత మాట దాని నోటంట వచ్చిందే, నేను అనలేదు. "నాకు మాటాడ్డం రాదు గదా పంతులమ్మా. ఇలాగ మాటాడితే అందరూ నవ్వుతారు. నిన్ను సూసి నవ్వనేదేటి? నా పేరు పోతే పోయె, ఆడి పేరు ఇని నవ్వితే నాను తట్టుకోనేను. నాకు మంచి మాటలు నేర్పీ."

అది అడిగింది కాబట్టే.

ఏప్రిల్ 28

నిషేధం కదా, దానికి పనిలేదు. రోజు విడిచి రోజు బస్సెక్కి వస్తోంది. కింద కూర్చోబోతే కుర్చీ వేశాను. రూళ్ళకర్ర బల్ల మీద పెట్టాను, ఊరికే. బల్ల మీద ఏదో ఒకటి ఉండాలి కదా.

"సెప్పు కాదు. చెప్పు. నాలుక పైకి."

"సె... సె... నా నాలికకి సేపముల్లు గుచ్చుకున్నాయేటో!"

"ముల్లు కాదు. ముళ్ళు."

మే 6

ఇవాళ దానికి 'చ' వచ్చింది.

మే 13, మంగళవారం

తులసితో గొడవ. పాఠం అవుతూండగా వచ్చి గుమ్మంలో నిలబడి వింది. దేముడమ్మ వెళ్ళాక మొదలుపెట్టింది.

"అమ్మమ్మా, ఆ డైరెక్టరు మాట మార్చొద్దన్నాడు కదా? నేనక్కడే ఉన్నాను. ఒక్క మాట కూడా అన్నాడు."

"సిద్ధం చెయ్యమన్నాడు."

"సిద్ధం చెయ్యడమంటే ఇదా?"

"ఒక చదువులేని మనిషికి నాలుగు మంచి మాటలు నేర్పుతుంటే నీకెక్కడ నొప్పి? అది చెయ్యెత్తి దండం పెడుతోంది నాకు."

"అదే మరి" అంది. గదిలోకి పోయి తలుపు వేసుకుంది. ఈ కాలం పిల్లలకి గురువంటే గౌరవం లేదు.

మే 20

వద్దన్నా వినకుండా దేముడమ్మ నా కాళ్ళకి మొక్కింది. "మా అయ్య నన్ను బడికి పంపనేదు. ఏడో ఏటే నెత్తి మీద తట్ట ఎట్టీసినాడు" అని ఆగి, కళ్ళు మూసుకుని, తనే దిద్దుకుంది. "పెట్టినాడు. పంపలేదు."

ముప్పై ఒక్క ఏళ్ళలో ఒక్క విద్యార్థీ తనంతట తాను దిద్దుకోలేదు.

మే 27

ఇవాళ దానిచేత "కుమారా" అనిపించాను.

జూన్ 4, బుధవారం

భీమిలి వెళ్ళి వచ్చాం. దేముడమ్మ తలంటుకుంది. గోచీ కట్టొద్దని, కుచ్చిళ్ళు పెట్టి చీర కట్టించాను. ముక్కుకి అటూ ఇటూ ఉన్న ముక్కుపుడకలు తీయించాను. బస్సులో కిటికీ వైపు తిరిగి పెదాలు కదుపుతూనే ఉంది, పరీక్షకి వెళ్ళే పిల్లలా.

అద్దె బంగళా. కెమెరా. నలుగురు కుర్రాళ్ళు. ధనరాజు, "అమ్మా, భయం లేదు. మీ అబ్బాయిని పిలవండి. మీకెలా వస్తే అలా" అన్నాడు.

అది నా వైపు చూసింది. నేను తల ఊపాను.

చేతులు జోడించి నిలబడి, కెమెరాలోకి చూస్తూ, ఒక్కొక్క అక్షరం కడిగి ఆరబెట్టినట్టు చెప్పింది. "కుమారా! దాలయ్యా! నీవు ఎచ్చటికి వెళ్ళితివి? నీ కొరకు నేను వేచి ఉన్నాను. దయచేసి ఇంటికి రమ్ము."

వెనకాల ఉన్న కుర్రాళ్ళలో ఒకడికి పొలమారింది. ఇంకొకడు వాడిని గిల్లి, తనూ నోరు మూసుకుని బయటికి పరిగెత్తాడు. గోడ అవతల నవ్వు వినిపిస్తూనే ఉంది.

ధనరాజు కెమెరా ఆపమన్నాడు. "అమ్మా, మీరు ఇంట్లో మాట్లాడినట్టు, ఆ రోజు నెత్తళ్ళు కొలుస్తూ చెప్పారే, అలా చెప్పండి" అన్నాడు. అది ఇంకా నిటారుగా నిలబడి, ఇంకా స్పష్టంగా మళ్ళీ అదే చెప్పింది. మూడుసార్లు చెప్పించాడు. మూడుసార్లూ అదే.

"బాగున్నదా అండీ?" అని అడిగింది.

"బాగుందమ్మా" అన్నాడు ధనరాజు. నా వైపు చూశాడు. నేను హ్యాండుబ్యాగులో రుమాలు వెతుక్కుంటున్నాను.

తిరుగు బస్సులో దాని సంతోషం ఇంతా అంతా కాదు. ఆ నవ్వు దాని చెవిన పడలేదో, పడినా తన గురించి అనుకోలేదో. "దాలయ్య అని స్పష్టముగా అన్నాను కదండీ?"

అన్నావు. ఒక్క తప్పు లేదు, అన్నాను.

అబద్ధమేమీ చెప్పలేదు.

జూన్ 9, సోమవారం

ధనరాజు ఫోను. వేషం నాదే.

"ఆవిడకి ఏమైందో నేను అడగను మేడమ్" అన్నాడు. అడగనివాడు అంతసేపు ఊరుకోవడం ఎందుకు? తర్వాత, "ఒక్కటే. పాత ఏడుపు వద్దు. అది జనం చూసేశారు. జూలై ఏడున మొదటి సీను అదే తీస్తాను. నాకు కొత్తది కావాలి" అన్నాడు.

కొత్తది ఎంతసేపు? నిషేధం ఈ శనివారంతో అయిపోతుంది. గంప వస్తుంది, నోరూ వస్తుంది.

జూన్ 16, సోమవారం

మొదటి చేపలు. పెన్సిలు చెక్కి పెట్టుకుని కూర్చున్నాను.

"నమస్కారమండీ. ఇవి ఈ ఉదయమే వచ్చిన చేపలు."

"కుళ్ళిపోయినట్టున్నాయే. కుక్కలు కూడా ముట్టవు."

"అటువంటిది ఏమియూ లేదండీ. తాజా చేపలే."

"నీ గంప కంపు వీధి చివరికి కొడుతోంది."

అది చిరునవ్వు నవ్వింది. "క్షమించండి. శుభ్రపరచుకుంటాను."

ఎన్ని అన్నా అంతే. చివరికి, ఒసే, ఎప్పట్లా మాట్లాడవే, అన్నాను. "అమ్మో, వద్దండీ. వారు పిలిచేసరికి మరచిపోతే? ఇంటి వద్ద కూడా ఇట్లే మాట్లాడుతున్నాను. మా కోడలు నవ్వుచున్నది. నవ్వనీయండి."

పుస్తకంలో ఒక్క అక్షరం పడలేదు.

జూన్ 19

మళ్ళీ వచ్చింది. మళ్ళీ అదే. "శుభోదయం" కూడా అంది. నేను నేర్పలేదు, టీవీలో విందట.

జూన్ 23, సోమవారం

ఇంకా ఎన్నాళ్ళు దాన్ని ఆశలో ఉంచడం? అది పాపం. అందుకే చెప్పేశాను. పుస్తకం ఒళ్ళో ఉన్న మాట నిజమే. ఎప్పుడూ ఉంటుంది.

"నిన్ను పిలవరే దేముడమ్మా. ఆ వేషం నాకే ఇచ్చారు."

చేప కోస్తున్న కత్తిపీట మీద చెయ్యి ఆగింది. "ఎందుకండీ?"

"నీ మాట కుదరలేదట. వాళ్ళకి నీ మునుపటి మాటే కావాలట."

"మునుపటిది తప్పు అన్నారు కదండీ మీరు."

"తప్పే. వాళ్ళకి ఆ తప్పే కావాలి."

నేను చూస్తూ కూర్చున్నాను. దాని గడ్డం వణికింది. ఇదిగో వస్తోంది, ఇదిగో, అనుకున్నాను. తెలియకుండానే పెన్సిలు కాగితం మీదికి పోయింది. అది పెన్సిలు వైపు చూసింది. పుస్తకం వైపు చూసింది. తర్వాత నా మొహంలోకి చూసింది. ఇరవై ఏళ్ళలో ఎప్పుడూ నన్ను అంతసేపు చూడలేదు.

"వాని పేరు మీరు పలుకుతారా?"

"కథలో కొడుక్కి వేరే పేరు."

"సరేనండీ" అంది. వంజరం ముక్కలు కడిగి గిన్నెలో వేసింది. కత్తిపీట తుడిచింది. గంప ఎత్తడానికి చెయ్యి వెయ్యబోతే, "వద్దండీ" అని, రెండు చేతులా పొట్టకి ఆనించుకుని వీధిలోకి మోసుకుపోయి, దారిన పోయేవాడిని పిలిచి ఎత్తించుకుంది.

ముక్కలు సమంగా కోసింది. కూర బాగా కుదిరింది. తులసి తిననంది.

జూన్ 30

మా అమ్మ కూడా "ఏటి" అనేది. కాలేజీలో నాకు బహుమతి ఇచ్చిన రోజున, సభకి రావద్దని ఆవిడకి నేనే చెప్పాను. "అలాగేలేమ్మా, నానెందుకక్కడ" అంది. పొద్దుటినుంచి ఆవిడ ఏడుపు గుర్తు తెచ్చుకుందామని కూర్చున్నాను. నాన్న పోయినప్పుడు వాకిట్లో దొర్లి దొర్లి ఏదో అంది. చాలా అంది. ఒక్క మాటా గుర్తుకు రాలేదు. అప్పట్లో చెవులు మూసుకున్నాననుకుంటాను.

జూలై 2

అద్దం ముందు నిలబడి ఏడ్చాను. తులసి వచ్చి చూసి, "ఎవరమ్మమ్మా, ఆ పప్పు డబ్బా ముసలమ్మా?" అంది.

జూలై 5, శనివారం

రేపు రైలు. ఎల్లుండి ఏడవాలి.

దేముడమ్మ మా గుమ్మం ఎక్కి పన్నెండు రోజులైంది. ఇవాళ పదింటివేళ పెరటి గోడ అవతల, వెనక వీధిలో గొంతు వినపడింది. ఈశ్వరి ఇంటి ముందు. అదే గొంతు. పాతది.

"ఏటే ఈస్పరీ, మొన్నటి కవల్లకి ఏటి రోగం? నీ మొగుడు కూరంతా నాకీసి, నీకు ముల్లు మిగిల్సినాడేటి? అది ఆడి తప్పు, నా సేప తప్పేటే!"

ఈశ్వరి నవ్వు. నా కాళ్ళు వాటంతట అవే కదిలాయి. పుస్తకం, పెన్సిలు. చెప్పులు విడిచి, గోడ వారగా, పెరటి తలుపు వెనక నిలబడ్డాను. ఈశ్వరి ఏదో మెల్లగా అడిగింది, దాలయ్య పేరు వినపడింది. దేముడమ్మ గొంతు దిగింది.

"ఏటి సెప్పమంతావే. ఇన్నాల్లూ ఏడుపు ఎండిపోనాది అనుకున్నాను. నేదే, లోపలే ఉన్నాది. నిన్న ఆడి సొక్కా పెట్టిలోంచి తీసినాను. తీసి ముక్కుకాడ ఎట్టుకుంతే..."

నేను ఇంకొంచెం ముందుకి వంగాను. తలుపు కిర్రుమంది.

మాట ఆగింది. సందులోంచి దాని కళ్ళు, నా పుస్తకం, నా పెన్సిలు. దాచడానికి వేళ లేదు. తలుపు తీసి బయటికి వెళ్ళాను. సిగ్గు లేకుండా అడిగాను కూడా. "పెట్టుకుంటే? ఏమైందే?"

దేముడమ్మ లేచి నిలబడింది. కొంగు సర్దుకుంది. ముక్కుకి రెండు వైపులా పుడకలు మెరుస్తున్నాయి. చేతులు జోడించింది.

"నమస్కారమండీ. చొక్కా చొక్కాగానే ఉన్నదండీ. మీకు చేపలు కావలెనా?"

ఒక్క తప్పు లేదు.